మాస్టారి గంట

మా వీధికి కోడి అక్కర్లేదు, రొట్టెల బాబాయి గంట ఉండేది. నిజానికి మా వీధి కోళ్లు కూడా ఆ గంట విన్నాకే లేచి కూసేవి. నమ్మనివాళ్లు వెళ్లి కోళ్లనే అడగవచ్చు.

రొట్టెల బాబాయి ఎవరికీ సొంత బాబాయి కాదు. బేకరీ బండి తోలేవాడు. చొక్కా మీదా, మీసం మీదా, చివరికి చెవుల వెనకా ఎప్పుడూ పిండి అంటుకుని ఉండేది. వానలో తడిస్తే ముద్దవుతాడేమో, పొయ్యి దగ్గరికి పోనివ్వకండి అని మా నాన్న అనేవారు. బాబాయి నోట మాట రావడం అరుదు. ఆయన వాటా మాటలు కూడా కలిపి భార్యే మాట్లాడేసేది. ఆవిడ మాకందరికీ పిన్ని. బేకరీ వెనక సందులో వాళ్లకు ఒక గది, ఒక వంటిల్లు. గది కిటికీ తెరిస్తే ఎదురుగా గుర్రపుశాల. "మా ఇంట్లో ముగ్గురం. అందులో ఇద్దరు మాట్లాడరు" అని పిన్ని వీధంతా చెప్పుకునేది.

ఆ మాట్లాడని ఇద్దరిలో రెండోవారు మాస్టారు. మాస్టారు అంటే గుర్రం. బూడిదరంగు ఒళ్లు, ముక్కు మీద సుద్దముక్కతో గీసినట్టు తెల్లటి చార. ఎదురుగా నిలబడి ఎవరు ఏం చెప్పినా, తప్పు లెక్క చూసిన పంతులుగారిలా తల అడ్డంగా ఊపేది. అందుకే ఆ పేరు. బాబాయి మాత్రం ఎప్పుడూ "ఆయన" అనే అనేవాడు. "ఆయన ఇవాళ సరిగ్గా తినలేదు" అని బాబాయి దిగులుపడితే, కొత్తగా వచ్చినవాళ్లు బేకరీ యజమానికి ఒంట్లో బాగాలేదేమోనని పరామర్శకు వెళ్లేవారు.

బండి ముందు బాబాయి కూర్చునే చోట, కుడిచేతికి అందేలా ఒక ఇత్తడి గంట వేలాడేది. అది ఒకసారి మోగితే ఆగమని, రెండుసార్లు మోగితే కదలమని. ఊరు ఇంకా నిద్రలో ఉండగా గుర్రాన్ని అదిలిస్తూ వెళ్తే రొట్టెలు అమ్ముకోవడం మాట అటుంచి తిట్లు తినాల్సి వస్తుందని యజమాని పెట్టిన పద్ధతి అది. మొదటిరోజు నుంచీ బాబాయి మాస్టారికి పని ఏదీ నోటితో చెప్పలేదు. కళ్లెం తాడు పేరుకే ఉండేది. దాని మీద బాబాయి తువ్వాలు ఆరేసుకునేవాడు.

ఏ గుమ్మం ముందు ఎంతసేపు ఆగాలో మాస్టారికి కంఠతా వచ్చు. దర్జీ ఇంటి ముందు ఆగీ ఆగనట్టు ఆగేవారు. దర్జీ పెళ్లాం సంచి గేటుకే తగిలించి ఉంచేది, అందులో రొట్టె పడేస్తే చాలు. రిటైరైన జడ్జిగారి ఇంటి ముందు మాత్రం ఒక కాలు వాల్చి, తీరిగ్గా నిలబడేవారు. జడ్జిగారు ప్రతి రొట్టెనూ నొక్కి, వాసన చూసి, వాదోపవాదాలు విని, చివరికి మొదట పట్టుకున్న రొట్టెనే తీసుకునేవారు. మంత్రసాని ఇంటి దగ్గర ఇంకో విచిత్రం. ఆవిడ ఎవరి పురుటికో వెళ్లి ఉంటే మాస్టారు ఆ గుమ్మం ముందు ఆగకుండా ముందుకు సాగిపోయేవారు. ఎలా తెలిసేదో ఆయనకే తెలియాలి. కడుపులో ఉన్న పిల్లలు వారం ముందే ఆయనకు కబురు పెట్టేవారని మా వీధిలో అనుకునేవాళ్లం.

చిక్కంతా నేను చదివిన కాన్వెంటు గేటు దగ్గరే వచ్చింది. బాబాయి బుట్ట పట్టుకుని లోపలికి వెళ్లిన సమయంలో చాపెల్ గంట రెండుసార్లు మోగింది. మాస్టారు నిదానంగా బయల్దేరిపోయారు. బుట్టతో బాబాయి బండి వెనక పరుగు, ఆయన వెనక ఎంగిలి చేతులతో వంటావిడ పరుగు.

మర్నాడు బాబాయి పెద్ద సిస్టర్ ముందు చేతులు కట్టుకుని నిలబడ్డాడు. "నేను లోపలున్నంతసేపూ గంట కొట్టకుండా ఉంటారా, సిస్టర్?"

"దేవుడి గంట నీ గుర్రం కోసం ఆగుతుందా? దానికే తేడా నేర్పు."

"ఆయనకి నేను నేర్పేదేముంది సిస్టర్. ఆయనే నేర్చుకుంటారు."

నేర్చుకున్నారు కూడా. ఆ తర్వాత చాపెల్ గంట మోగితే మాస్టారు కదలకుండా తల వంచుకుని నిలబడేవారు. ప్రార్థన చేస్తోందని చిన్న సిస్టర్లు మురిసిపోయేవారు. కునుకు తీస్తున్నారని బాబాయి అనేవాడు. నన్నడిగితే రెండూ నిజమే. కాన్వెంటులో చదివినవాళ్లందరికీ ఆ విద్య వచ్చు.

అన్ని ఇళ్లూ తిరిగి శాలకు చేరాక బాబాయి కుడిచేత్తో మాస్టారి మెడ నిమిరి, బట్టీలో మాడిన రొట్టె అంచు తినిపించేవాడు. అంతటితో ఇద్దరికీ ఆ రోజు పని ముగిసేది.

ఇలా ఉండగా యజమాని వ్యాను కొన్నాడు. శాల గోడ పగలగొట్టి వెడల్పు చేస్తే వ్యాను అందులోనే పడుతుందన్నాడు. గుర్రాన్ని కొనడానికి మనిషి ఉన్నాడన్నాడు. ఆ మనిషి తోళ్ల వ్యాపారి అని అందరికీ తెలుసు. జన్మలో మొదటిసారి బాబాయి యజమాని ముందు గడగడా మాట్లాడాడు.

"వద్దండీ. మా అక్కావాళ్ల ఊరు పంపిస్తాను. బావకి పొలముంది, చెట్లున్నాయి. ఇన్నాళ్లూ రాళ్ల రోడ్ల మీద తిరిగారు, ఇక పచ్చగడ్డి తింటూ నీడపట్టున ఉంటారు. ఆయనకి నేను చెయ్యగలిగింది ఇదొక్కటే. కాదనకండి."

యజమాని కాదనలేదు. మాస్టారి ముసలితనం సుఖంగా గడవాలి, బాబాయికి అంతకు మించి కోరిక లేదు. పిన్నికి చీర కావాలా అని కూడా ఎప్పుడూ అడగని మనిషి, మాస్టారికి ఒక కంబళి కొనుక్కొచ్చాడు.

గుర్రాన్ని తీసుకుపోవడానికి బావ వచ్చాడు. బాబాయి అక్క మొగుడు ఆయన. మనిషి తాటిచెట్టంత, గొంతు ఆ చెట్టెక్కి అరిచినంత. పొలంలో నిలబడి కేక పెడితే పక్క ఊళ్లో ఎద్దులు ఆగిపోతాయని చెప్పుకునేవారు. వస్తూనే బాబాయి వీపు మీద ఒక్కటి చరిచాడు. పిండి పొగలా లేచింది.

"ఏరా బామ్మర్దీ, కూతుర్ని అత్తారింటికి పంపుతున్నట్టు ఆ మొహమేంట్రా?"

"ఆయన ఎక్కడైనా మొహమాటపడతారు బావా. అడిగి పెట్టు."

"గడ్డి తినడానికి గుర్రాన్ని బతిమాలాలట్రా? నన్నింతవరకు మీ అక్క బతిమాలలేదు!"

"మిమ్మల్ని ఆపడానికి బతిమాలాలి అన్నయ్యగారూ, తినడానికి కాదు" అంది పిన్ని.

బాబాయి బ్రష్షు ఇచ్చాడు, దాణా సంచి ఇచ్చాడు, కంబళి మడతపెట్టి ఇచ్చాడు. బండి మాత్రం బేకరీదే, దాన్ని విప్పేసి చెక్కలు బట్టీలోకి వేయబోతున్నారు. అందుకని గంట ఊడదీసి చేత్తో పట్టుకుని నిలబడ్డాడు.

"ఆ గంట కూడా ఇటు పడెయ్యరా, మా మేకకి కడతాను" అన్నాడు బావ.

"ఇది ఉండనీ బావా. ఆయన గుర్తుగా ఒక్కటన్నా నా దగ్గర ఉండాలి కదా."

గంటను చొక్కాకు తుడిచి, ఇంట్లో అటక పక్కనున్న అరలో గుడ్డ చుట్టి పెట్టుకున్నాడు.

ఆ తర్వాత బాబాయిని బేకరీ కౌంటరు దగ్గర కూర్చోబెట్టారు. రొట్టెలు కాగితంలో చుట్టి ఇవ్వడం ఆయన పని. కూరగాయలు అమ్ముకోవడానికి బావ పట్నం వచ్చినప్పుడల్లా తిన్నగా బేకరీకి వచ్చేవాడు. గంప దించి, మధ్యలో నిలబడి మాస్టారి కథలు చెప్పేవాడు. దర్జీ గజంబద్ద పట్టుకునే పరుగెత్తుకొచ్చేవాడు. జడ్జిగారు రొట్టె నొక్కడం మరిచిపోయేవారు.

"ఏం చెప్పమంటారు! మొదటిరోజు దారిలో కనపడ్డ ప్రతి గేటు ముందూ ఆగింది. ఒక్క ఇల్లు వదిలితే ఒట్టు! వాళ్లు బయటికి రావడం, 'ఏం పనిమీద వచ్చావు?' అని అడగడం, 'నాకేం పని లేదు, గుర్రానికుంది' అని నేను చెప్పడం. మా గట్టు పక్కవాడికీ నాకూ మాటల్లేవు. వాడి గేటు ముందు కూడా ఆగింది! నేనటు చూస్తున్నా, వాడిటు చూస్తున్నాడు. ఎంతసేపని చూస్తాం? ఆఖరికి వాడే 'మంచినీళ్లు తాగుతావా' అన్నాడు. నా పరువు గంగలో కలిసింది."

"కలిసింది మీరిద్దరే కదా, పరువు ఎక్కడ కలిసింది?" అన్నారు జడ్జిగారు. బేకరీ గొల్లుమంది.

"దుక్కిలో దిగమంటే దిగదు. కొత్త బూట్లు వేసుకున్న గుమస్తా బురద దాటినట్టు ఒక్కో కాలూ ఎత్తి చూసుకుంటుంది. గేదెలు ఎదురొస్తే ఎడంపక్కకి తప్పుకుని దారిస్తుంది. మా గేదెలకేమో ఇంత మర్యాద అలవాటు లేదు, అనుమానంగా చూస్తున్నాయి. గడ్డి వేస్తే వాసన చూసి, మా వంటింటి కిటికీలోకి మొహం పెట్టి నిలబడుతుంది. కప్ప అరిస్తే ఉలిక్కిపడుతుంది. దీపం లేకపోతే పడుకోదు. మా ఆవిడ దానికి రోజూ లాంతరు పెడుతోంది, పెళ్లైన కొత్తలో నాక్కూడా పెట్టలేదు!"

అందరికన్నా ఎక్కువ నవ్వేవాడు బాబాయే. ఎప్పుడూ పెదవి విప్పని మనిషి కౌంటరు పట్టుకుని ఊగిపోయేవాడు. మాస్టారి కబురు తెలుస్తోంది, నలుగురూ ఆయన్ను తలుచుకుంటున్నారు, అదే ఆ మనిషికి పండగ. బావ వెళ్లిపోయాక ఆ కథనే మళ్లీ పిన్నికి నత్తినత్తిగా చెప్పి మళ్లీ నవ్వేవాడు.

"ఇక కదలమంటే వినాలి మీరు!" అంటూ ఒకసారి బావ గొంతు పెంచాడు. "హై అంటాను, హో అంటాను, నా గొంతుకి చెట్టుమీద కాకులు లేచిపోతాయి. ఇదేమో వెనక్కి తిరిగి, ఎవర్ని తిడుతున్నానా అని చూస్తుంది! నాలుగు తగిలించాను. ఊహూ. ఇంకో నాలుగు. అప్పుడు నా వైపు తిరిగి ఇలా..." అని తల అడ్డంగా ఊపి చూపించాడు. "తప్పు లెక్క చేశావన్నట్టు!"

దర్జీ నేల మీద చతికిలబడి నవ్వాడు. బాబాయి కళ్లు తుడుచుకుంటూ నవ్వాడు.

గంప తలకెత్తుకుంటూ బావ మాత్రం నవ్వకుండా అన్నాడు, "సరదా సరదాయే కానీ బామ్మర్దీ, పనికీ రాదు, మేతా మేయదు. ఎముకలు తేలాయి. వానలదాకా చూస్తాను. ఆ తర్వాత మీ తోళ్లాయనకే కబురు పెట్టాలి."

"కొంచెం ఓపిక పట్టు బావా. అలవాటు పడతారు. ఆయనకి అన్నీ కాస్త నిదానమే."

ఒక సెలవు పూట బాబాయి గడప పక్కన పీట వేసుకుని టీ తాగుతున్నాడు. పిన్ని అరలు దులుపుతోంది. గుడ్డ మూట ఒకటి చెయ్యి తగిలి జారింది. అందులోంచి గంట దొర్లి, అర అంచుకు ఒకసారి, నేలకు ఒకసారి తగిలింది.

బాబాయి లేచాడు. టీ గ్లాసు చేతిలో ఉండగానే గడప దాటి సందులోకి నాలుగడుగులు వేశాడు.

"ఎక్కడికి?" అంది పిన్ని వెనకనుంచి.

బాబాయి ఆగాడు. కాళ్ల వంక చూసుకున్నాడు. "ఏమో... గంట మోగింది కదా."

పిన్ని ఫక్కున నవ్వింది. "బాగుంది సంబడం! గుర్రం వెళ్లినా అలవాటు పోలేదన్నమాట. ఇన్నాళ్లూ బండి లాగింది ఆయనా, మీరా?"

బాబాయి కూడా నవ్వబోయాడు. ఆ నవ్వు మధ్యలోనే ఆగిపోయింది. గ్లాసు గోడ మీద పెట్టేసి లోపలికొచ్చాడు.

"అక్కడ గంట లేదే" అన్నాడు.

"ఎక్కడ?"

"ఆయనకి ఎవరు చెప్తారే? కదలమని ఎవరు చెప్తారు? బావ అరుస్తాడు. అరుపంటే ఆయనకేం తెలుసు? నేనెప్పుడన్నా అరిచానా? గంట కోసం చూస్తూ నిలబడ్డారే ఆయన. నిలబడితే కొట్టాడు. కొట్టాడని వచ్చి చెప్తే నేను నవ్వానే."

పిన్ని చేతిలో గుడ్డ అలాగే ఉండిపోయింది. ఆవిడకూ ఏం మాట్లాడాలో తోచలేదు. మా వీధి చరిత్రలో అలా జరగడం అదే మొదలు.

దొరికిన బస్సెక్కి బాబాయి అక్కగారి ఊరు వెళ్లాడు. అక్క పెరట్లో బట్టలు ఆరేస్తోంది. తమ్ముణ్ణీ, అతని చేతిలో గంటనూ చూసింది.

"ఏరా, చెప్పాపెట్టకుండా వచ్చావు? లోపలికి రా, కాళ్లు కడుక్కో."

"ఆయనేరి అక్కా?"

అక్క చీర చెంగుతో చెయ్యి తుడుచుకుంది. "బీట్లో ఉంది. మీ బావ చెప్పేవి విని బాగానే ఉందనుకున్నావా? ఆయన దేన్నైనా నవ్వొచ్చేలా చెప్తాడు. చూసేవాళ్లకి నవ్వు రాలేదురా. నేను వద్దంటూనే ఉన్నాను."

పెరటి వెనక బీడు భూమిలో మాస్టారు నిలబడి ఉన్నారు. పక్కటెముకలు తేలి ఉన్నాయి. కంబళి కప్పుకున్నా వీపు మీద వాతలు అంచుల దగ్గర కనపడుతున్నాయి. చుట్టూ మోకాలెత్తు గడ్డి. బావ కంచె అవతల గొడ్డలి పట్టుకుని కట్టెలు కొడుతున్నాడు. బామ్మర్దిని చూసి పలకరించబోయి, అతని మొహం చూసి ఊరుకున్నాడు.

బాబాయి గంట రెండుసార్లు మోగించాడు.

ముందు చెవులు లేచాయి. తర్వాత తల లేచింది. మాస్టారు కదిలారు. గడ్డిలోకి, దుక్కిలోకి, ఎటు పోతున్నదీ చూసుకోకుండా తిన్నగా నడిచారు. కొంత దూరం వెళ్లాక ఆగీ ఆగనట్టు ఆగారు. బాబాయి మళ్లీ గంట కొట్టాడు. ఇంకాస్త నడిచి ఈసారి ఒక కాలు వాల్చి నిలబడ్డారు. బాబాయి గంట పట్టుకుని పక్కనే ఊరికే నిలబడ్డాడు.

బావ కంచె దాటి వచ్చాడు. "మళ్లీ ఆగిందేంట్రా? కొట్టు గంట."

"ఉండు బావా. జడ్జిగారు రొట్టె నొక్కుతున్నారు."

బావ నవ్వబోయాడు. నోరు తెరిచాడు కానీ నవ్వు రాలేదు. గొడ్డలి కింద పెట్టేశాడు.

అలా ఆ బీట్లో, ఒక్క ఇల్లైనా లేని చోట, మాస్టారు మా వీధంతా తిరిగారు. కాన్వెంటు గేటు రావలసిన చోట తల వంచుకుని నిలబడ్డారు. ఒక చోట ఆగకుండా సాగిపోయారు. మంత్రసాని ఇంట్లో లేదు కాబోలు. వీధి చివర మలుపు తిరిగినట్టే తిరిగి, కంచె దగ్గరకొచ్చి, ముళ్లకు ముక్కు ఆనేంత దగ్గరగా ఆగిపోయారు. శాల తలుపు అక్కడే ఉండాలి.

బాబాయి జేబులు తడుముకున్నాడు. పైజేబు, పక్కజేబు, మళ్లీ పైజేబు. బేకరీ మనిషి, రొట్టె అంచు ఒక్కటైనా లేకుండా వచ్చాడు. చేసేదిలేక, మెడ నిమరడానికి కుడిచెయ్యి ఎత్తాడు.

మాస్టారు కళ్లు మూసుకుని, తల చటుక్కున పక్కకు తిప్పేసుకున్నారు.

బాబాయి చెయ్యి గాల్లోనే ఉండిపోయింది. కాసేపు దాన్ని ఎవరిదో చెయ్యిలా చూసుకుని, మెల్లిగా దించుకున్నాడు. అక్క ఇంట్లోంచి ఎండిపోయిన రొట్టె ముక్క తెచ్చి పెట్టింది. ఆవిడ చేతిలోంచి మాస్టారు తిన్నారు.

"తీసుకుపోతావురా?" అన్నాడు బావ. ఆ గొంతు అంత మెల్లగా కూడా పలుకుతుందని బాబాయికి అప్పుడే తెలిసింది.

"ఎక్కడికి బావా? ఆయన గదిలో వ్యాను ఉంది." గంటను బావ చేతిలో పెట్టాడు. "ఒకటి కొడితే ఆగుతారు. రెండు కొడితే కదులుతారు. కర్ర అక్కర్లేదు."

"ఇంతేనట్రా? ఈ ముక్క ఆ రోజే చెప్పకపోయావా?"

"నాకు తెలిసిందే ఇవాళ. నువ్వు గంట అడిగావు కూడాను, మేకకి కడతానని. ఇచ్చినా బాగుండేది. మేక వెనకాలైనా నడిచేవారు."

తోళ్లాయనకు కబురు వెళ్లలేదు. వానలు వచ్చాయి, పోయాయి. మాస్టారు గంట చెప్పినట్టు గడ్డిబండి లాగుతున్నారని, కర్ర పొయ్యిలో పెట్టేశానని బావ చెప్పాడు. బేకరీలో జనం మూగి, గట్టు పక్కవాడి గేటు కథ మళ్లీ చెప్పమని బతిమాలేవారు. బాబాయి రొట్టెలు చుట్టే కాగితం తెస్తానని లోపలికి పోయేవాడు. బట్టీ పక్కన నిలబడి, బయట నవ్వులు ఆగాక వచ్చేవాడు. కాగితం తేవడం మాత్రం ఎప్పుడూ మరిచిపోయేవాడు. కొన్నాళ్లకు బావ కూడా ఆ కథలు మానేశాడు. "గుర్రం ఏమంటోంది?" అని ఎవరైనా అడిగితే, "ఏమంటుంది, పని చేసుకుంటోంది" అని గంప ఎత్తుకుని పోయేవాడు.

అక్క ఊరికి బాబాయి మళ్లీ వెళ్లలేదు. రొట్టె అంచులు మాత్రం సంచిలో కట్టి, వచ్చినప్పుడల్లా బావకు ఇచ్చి పంపేవాడు. "నువ్వే వచ్చి పెట్టరాదూ" అని బావ అంటే, కుడిచెయ్యి కౌంటరు కింద పెట్టుకుని, "అక్క చేతినుంచైతే తింటారు" అనేవాడు.

చలికాలంలో ఒక పొద్దున, బజారు రోజు కాకుండానే, గంప లేకుండా బావ వచ్చాడు. దర్జీ ఆశగా దగ్గరికొచ్చాడు కానీ బావ అతని వంక చూడలేదు. కౌంటరు మీద గంట పెట్టాడు. దారిలో బస్సు కుదుపులకు మోగకుండా దాని నాలుకకు గుడ్డపేలిక గట్టిగా చుట్టి ఉంది. పక్కనే, కిందటిసారి పంపిన రొట్టె అంచుల సంచి. సగం అలాగే ఉంది.

"మాస్టారు పోయారు" అన్నాడు బావ.

బాబాయి గంటను రెండు చేతులా తీసుకున్నాడు. ఆ పేలిక విప్పలేదు. బాబాయి ఉన్నన్నాళ్లూ అది అలాగే ఉంది.